నాలుగు డిగ్రీల మావయ్య

మావయ్య దృష్టిలో ప్రపంచంలో రెండే రకాల పదార్థాలున్నాయి: చల్లబడ్డవి, ఇంకా చల్లబడనివి. మొదటి రకం చాలా అరుదు. ముప్పై నాలుగేళ్ళు ఒక కోల్డ్ స్టోరేజీలో మిషన్ల దగ్గర పనిచేసి రిటైరైన మనిషికి లోకమంతా తలుపు మూయడం మర్చిపోయిన ఫ్రిజ్‌లా కనిపించడంలో వింతేమీ లేదు. చొక్కా జేబులో అందరూ పెన్ను పెట్టుకుంటే ఆయన గాజు థర్మామీటరు పెట్టుకునేవాడు.

ఎండన పడి వచ్చాడు కదా అని పక్కింటావిడ గ్లాసుడు నిమ్మరసం ఇస్తే, జేబులోంచి థర్మామీటరు తీసి అందులో ముంచి, నిమిషంసేపు చూసి, "ఇది చల్లటి నిమ్మరసం కాదమ్మా, వేడి తగ్గిన నిమ్మరసం" అని చెప్పి మరీ తాగాడు. జ్వరమొచ్చి డాక్టరు దగ్గరికి వెళ్తే, నోట్లో పెట్టిన థర్మామీటరు బయటికి లాగి, "దీన్ని చివరిసారి ఎప్పుడు సరిచూశారు?" అని అడిగాడు. ఆ తర్వాత ఆ ఇంట్లో ఎవరికి జలుబు చేసినా డాక్టరు ఫోన్లోనే మందు చెప్పేస్తున్నాడు.

ఇంతటి మనిషి వారానికి ఒక్కటే వండుతాడు. ఆదివారం భోజనాలయ్యాక తినే పళ్ళ సూపు. పొద్దున్నే యాపిల్, నారింజ, నల్ల ద్రాక్ష నీళ్ళలో వేసి, చక్కెర, చిన్న దాల్చినచెక్క ముక్క, కాస్త నారింజ తొక్క తురుము కలిపి సన్నటి మంట మీద ఉడికిస్తాడు. మెత్తబడ్డాక గరిటెతో మెదిపి, వడకట్టి, చెంచాడు మొక్కజొన్న పిండి నీళ్ళలో కలిపి పోసి చిక్కబరుస్తాడు. అక్కడిదాకా ఎవరైనా చేసేదే. అసలు బాధ ఆ తర్వాత మొదలవుతుంది. పది గంటలకు గిన్నె ఫ్రిజ్‌లోకి వెళ్తుంది. ఫ్రిజ్ తలుపు మీద "లోపల పని జరుగుతోంది" అన్న కాగితం వెలుస్తుంది. పక్కనే కుర్చీ వేసుకుని ఆయన కాపలా కూర్చుంటాడు.

"తాతయ్యా, చల్లటి నీళ్ళు" అని మనవరాలు వస్తుంది.

"తలుపు ఒక్కసారి తీస్తే సూపు పదకొండు నిమిషాలు వెనక్కి పోతుంది. బిందెలో ఉన్నాయి, అవి తాగు."

పెరుగు కావాలన్నా పదకొండు నిమిషాలే, కొత్తిమీర కావాలన్నా పదకొండు నిమిషాలే. ఒకసారి కొడుకు తలుపు తీయనైనా తీయలేదు, నిద్రమత్తులో ఊరికే ఫ్రిజ్‌కి ఆనుకుని నిలబడ్డాడు. దానికి నాలుగు నిమిషాలు పడ్డాయి.

సూపు నాలుగు డిగ్రీలకు దిగాలి. ఐదైతే ఆయన లెక్కలో అది ఇంకా పొయ్యి మీదున్నట్టే. ఆ నాలుగు వచ్చిందో లేదో చూసి చెప్పే బాధ్యత మాత్రం ఆయన తన మీద పెట్టుకోలేదు, కోడలి మీద పెట్టాడు.

కోడలు ఆస్పత్రి లాండ్రీలో దుప్పట్లు ఇస్త్రీ చేస్తుంది. రోగాలకు ఆదివారం సెలవు లేదు కనక దుప్పట్లకూ లేదు. రెండింటికి పని దిగి, బస్సు పట్టుకుని రెండున్నరకి ఇల్లు చేరేసరికి ఆమె కాళ్ళు ఆమెవి కావు. మధ్యాహ్నం తిండి లాండ్రీలోనే, మడతపెట్టిన దుప్పట్ల గుట్ట పక్కన నిలబడి డబ్బాలోది గబగబా తినేస్తుంది. మిగతా రోజుల్లోనూ అంతే. పొద్దున ఇంట్లో అందరికంటే ముందు, రాత్రి అందరికంటే తర్వాత, ఎప్పుడు తిన్నా ఒక్కతే.

ఆదివారం ఆమె గుమ్మంలో చెప్పులు విప్పకముందే ఫ్రిజ్ దగ్గర్నుంచి కేక వినిపిస్తుంది.

"అమ్మాయ్, వచ్చావా. ఇది ఎంతుందో చూడు. ఆ సన్న గీతలు నాకు ఆనవు."

"ఇంట్లో ఇంతమందికి కళ్ళున్నాయి కదా మావయ్యా."

"మీ ఆయన ఉజ్జాయింపుగా చెప్తాడు. మీ అత్తయ్య పిల్లల మీద జాలిపడి చెప్తుంది. నువ్వు ఉన్నది ఉన్నట్టు చెప్తావు."

ఆమె ఒంటికాలి మీద నిలబడి రెండో చెప్పు విప్పుతూనే గిన్నెలోకి చూసి, "నాలుగు" అంటుంది. అప్పుడుగాని బల్ల మీద కప్పులు కదలవు.

ప్రతి ఆదివారం పుట్టింటికి వచ్చే ఆడపడుచుకి ఈ తంతు చూసి చూసి ప్రాణం విసిగిపోయింది. "ఒంటిగంటకే అన్నాలైపోయాయి. గంటన్నర నుంచి పిల్లలు చెంచాలు పట్టుకుని కూర్చున్నారు. వదిన కాలు పెట్టగానే సరిగ్గా నాలుగైపోతుంది. ఏం అదృష్టమో" అనేది.

అదృష్టం అన్న మాట వింటే కోడలికి నవ్వాలో ఏడవాలో తెలిసేది కాదు. తనొచ్చినా రాకపోయినా ఆ ఇంట్లో ఆదివారం ఆగదని ఆమెకు గట్టి నమ్మకం. తనతో అక్కడ ఎవరికైనా పనుందంటే అది ఆ గీతలు చదవడమే. నిజానికి అందరి మధ్య కూర్చుని చెంచాల చప్పుడు వింటూ తినే ఆ పావుగంట కోసమే ఆమె వారమంతా ఈడ్చేది. ఆ మాట ఎవరికీ చెప్పలేదు. అలసిపోయిన మనిషికి చెప్పుకునే ఓపిక కూడా ఉండదు.

ఒక ఆదివారం ఆడపడుచు తేల్చేసింది. "వచ్చే వారం పెద్ద అంకెల థర్మామీటరు తెస్తాను నాన్నా. గదికి ఆ చివర నుంచైనా కనిపిస్తుంది. ఇక వదిన వచ్చేదాకా చూడక్కర్లేదు."

చివరి మాట ఆమె మామూలుగానే అంది. కోడలికి మాత్రం మనసు చివుక్కుమంది. ఇన్నాళ్ళూ విసుక్కుంటూ చేసిన పనే, అయినా అది కూడా పోతే ఆ బల్ల దగ్గర తనకి మిగిలేదేమిటో ఆమెకు తోచలేదు. మావయ్య కూడా ఎందుకో మెడ తడుముకుని, "అంకె పెద్దదైతే చల్లదనం పెరుగుతుందా" అని గొణిగాడు.

సరిగ్గా ఆ తర్వాతి ఆదివారమే లాండ్రీలో ఇస్త్రీ మిషన్ ఆగిపోయింది. బాగుచేసే మనిషి వచ్చి, చూసి, టీ తాగి, మళ్ళీ చూసి కదిలించేసరికి గంట ఆలస్యమైంది. వెళ్ళబోతుంటే సూపర్‌వైజరమ్మ పిలిచి కొత్త డ్యూటీ కాగితం చేతిలో పెట్టింది. వచ్చే ఆదివారం నుంచి నాలుగింటిదాకా పని.

బస్సులో కడ్డీ పట్టుకుని నిలబడి, ఇక ఆ పావుగంట కూడా పోయిందనుకుంది కోడలు. మూడున్నర కావస్తోంది. పెద్ద అంకెలు ఎప్పుడో నాలుగు చూపించి ఉంటాయి, కప్పులు కడిగి బోర్లించి ఉంటారు. ముందు గదిలో కూర్చున్న వాళ్ళకి ఆలస్యం ఎందుకైందో చెప్పే ఓపిక లేక, ముందు పెరట్లో కుళాయి దగ్గర కాళ్ళు కడుక్కుందామని వెనక సందులోకి తిరిగింది.

పెరటి తలుపు సగం తెరిచి అలాగే నిలబడిపోయింది.

ఎండలో బట్టలుతికే తొట్టి. వంటింటి కిటికీలోంచి కనబడకుండా దాని మీద సగం కప్పిన గోనెసంచి. తొట్టి మధ్యలో పళ్ళ సూపు గిన్నె. మావయ్య బనీనుతో గొంతుక్కూర్చుని, డాబా మీది ట్యాంకులో కాగిన నీళ్ళు కుళాయిలోంచి చెంబుతో పట్టి గిన్నె చుట్టూ పోస్తున్నాడు. ఆయన సూపుని వేడి చేస్తున్నాడు. కోడలు ముందు ఆయనకి ఎండదెబ్బ తగిలిందనుకుంది.

"నాన్నా, ఎంతైంది?" కిటికీలోంచి ఆడపడుచు గొంతు.

"అక్కడే ఉండమ్మా. ఫ్రిజ్ చాలక తొట్టిలో ఐసు మధ్య పెట్టాను, మనిషి ఒంటి వేడి తగిలితే కరిగిపోతుంది."

"అంకె చూపించు."

ఆయన కొత్త థర్మామీటరు మొనని గిన్నెలో ఉంచి, అంకెల బిళ్ళని కిటికీ వైపు తిప్పాడు. "పన్నెండు. ఏమిటో, దిగనంటోంది."

కిటికీ మూసుకుంది. అత్తయ్య చెమట తుడుచుకుంటూ వచ్చి గట్టు మీద కూలబడింది. "ఒంటిగంటకే ఐదైంది కదండీ. ఇంకెంతసేపు ఈ కాపడం?"

"అమ్మాయి రావాలి కదా. బస్సు దొరకలేదేమో. మధ్యలో పద్దెనిమిదికి ఎక్కిపోతే చన్నీళ్ళు పోసి దించాను. ముప్పై నాలుగేళ్ళూ దించడమే నేర్చుకున్నాను, ఎక్కించడం కొత్త."

"కోడలు వచ్చేదాకా ఆగండి అని చెప్తే పోదా?"

"చెప్తే ఆగుతారు. మొహాలు మాడ్చుకుని ఆగుతారు. దాని కోసం ఆగామని చూస్తుంటే దాని గొంతు దిగుతుందా? వారమంతా ఒక్కతే తింటుంది, చూస్తున్నావుగా. నా మీద విసుక్కోనీ, నాకు అలవాటే."

కోడలు చప్పుడు కాకుండా తలుపు దగ్గరగా వేసి, సందు చుట్టూ తిరిగి వీధి గుమ్మం వైపు నడిచింది. పొద్దుట్నుంచి నిలబడ్డ కాళ్ళకి అది చాలా దూరమే, అయినా ఆ రోజు బరువనిపించలేదు. మధ్యలో రెండుసార్లు కొంగుతో కళ్ళు తుడుచుకుని, రెండోసారి తనలో తనే నవ్వుకుంది. ఇన్నేళ్ళూ ఆయన్ని ఎంత తిట్టుకుందో గుర్తొచ్చి సిగ్గేసింది.

ఆమె గుమ్మంలో కనబడిన మరుక్షణం పెరటివైపు నుంచి మావయ్య గిన్నెతో ఊడిపడ్డాడు. "దిగింది, దిగింది. రండి అందరూ."

"ఏదీ, నన్ను చూడనివ్వు" అని ఆడపడుచు చెయ్యి చాపింది.

మావయ్య మొహం పాలిపోయింది. ఈలోగా కోడలు థర్మామీటరు అందుకుంది. అంకెలు నిజంగానే పెద్దవి. పద్నాలుగు. ఆమె ముందున్న ఒకటి అంకె మీద బొటనవేలు ఆనించి, అందరికీ కనబడేలా ఎత్తి పట్టుకుంది.

"నాలుగు" అంది. పెళ్ళై పన్నెండేళ్ళలో ఆ ఇంట్లో ఆమె ఆడిన మొదటి అబద్ధం అది.

మావయ్య ఆ వేలి వంక చూశాడు, ఆమె మొహం వంక చూశాడు, గరిటె అందుకున్నాడు.

"ఈసారి పళ్ళు జివ్వుమనలేదు నాన్నా, రుచి తెలుస్తోంది" అంది ఆడపడుచు రెండోసారి పోయించుకుంటూ. "నాలుగంటే ఇలా ఉండాలి. ఇన్నాళ్ళూ నీ పాత థర్మామీటరే తప్పు."

మావయ్య కషాయం మింగినట్టు మింగాడు. ఆ మాట వేరే రోజు ఎవరైనా అని ఉంటే కోల్డ్ స్టోరేజీ చరిత్ర మొత్తం వినాల్సి వచ్చేది. అత్తయ్య నవ్వు ఆపుకోలేక వంటింట్లోకి వెళ్ళిపోయింది.

కోడలు కుర్చీలో వెనక్కి వాలి, కాళ్ళు స్టూలు మీద చాపుకుని, చెంచా చెంచాగా నెమ్మదిగా తింది. చుట్టూ పిల్లలు కప్పులు గీకుతున్నారు, భర్త నిద్రమొహంతో చెంచా వెతుక్కుంటున్నాడు. కప్పు సగమయ్యాక ఆమె కాగితం సంగతి బయటపెట్టింది.

"మావయ్యా, వచ్చే ఆదివారం నుంచి నాకు నాలుగింటిదాకా డ్యూటీ వేశారు. ఇల్లు చేరేసరికి నాలుగున్నరవుతుంది. మీరందరూ తినేయండి, నాకు ఒక కప్పు తీసి ఉంచితే చాలు."

మావయ్య చెంచా కింద పెట్టాడు. కణతలు నొక్కుకుని, వేళ్ళ మీద ఏదో లెక్కేసుకుని, ముప్పై నాలుగేళ్ళ సర్వీసు ఉన్న మనిషిలా గొంతు సవరించుకున్నాడు.

"వచ్చే వారం పుచ్చకాయ వేద్దామనుకుంటున్నాను. పుచ్చకాయ సంగతి మీకెవరికీ తెలీదు, చాలా మొండిఘటం. నాలుగున్నర లోపల చచ్చినా చల్లబడదు."