సలోమి మాటకి తర్జుమా

నటన ఎవరు నేర్పారని అడిగితే సలోమి తడుముకోకుండా "మా నాన్నగారండి" అనేది. విన్నవాళ్ళు ఆ వరప్రసాదం గారెవరో పెద్ద నాటకాలరాయుడు కాబోలు అనుకునేవారు. నాటకం పేరెత్తితే మొహం చిట్లించుకునే మనిషి ఆయన. ముక్తేశ్వరం చుట్టుపక్కల ఎక్కడ క్రైస్తవ కూటాలు జరిగినా, ఇంగ్లీషు దొరగారు ప్రసంగిస్తుంటే పక్కన నిలబడి తెలుగులో చెప్పే తర్జుమా మాస్టారు.

ఆ తర్జుమా మామూలుది కాదు. దొర చెయ్యెత్తితే ఈయనా ఎత్తేవారు. దొర గొంతు తగ్గిస్తే ఈయనా తగ్గించేవారు. తప్పిపోయిన గొర్రె గురించి దొర రెండు ముక్కలు చెబితే, ఆ గొర్రె ఎలా అరిచి ఉంటుందో కూడా ఈయన చేసి చూపించేవారు. జనం దొర మొహం చూస్తూ ఈయన మాట వినేవారు. ముందు వరసలో చాప మీద కూచున్న చిన్న సలోమి మాత్రం ఇద్దరి పెదాలూ మార్చి మార్చి చూస్తూ, ఒకరి మాట ఇంకొకరి ఒంట్లోకి ఎలా దూరుతుందో కనిపెట్టేసింది. ఇంటికొచ్చి అచ్చం అలాగే చేసి చూపిస్తే తండ్రి నవ్వు ఆపుకోలేక పెరట్లోకి వెళ్ళిపోయేవారు.

పెద్దయ్యాక మిషన్ బళ్ళో టీచరయింది. ఆ గొంతు సంగతి చెప్పాలి. బళ్ళో ఆవిడ ఎక్కాలు చెబుతుంటే కాలవ అవతల గేదెలు కాసేవాళ్ళకి పదహారో ఎక్కం వచ్చేసిందని ఊళ్ళో చెప్పుకునేవారు. నాకైతే ఆ గేదెలకి కూడా వచ్చేసి ఉంటుందని అనుమానం.

డెబ్బై మూడులో కొత్తపేట నుంచి బుచ్చిరాజు గారని ఒక లెక్చరరు వెతుక్కుంటూ వచ్చారు. ఆయన దగ్గర కొత్తరకం నాటకాలున్నాయి. తెర అక్కర్లేదు, రంగు పూసుకోనక్కర్లేదు, మైకు అసలే అక్కర్లేదు, జనం ఎక్కడుంటే అక్కడే నాటకం అన్నారు. పాత నాటకాలంటే పడని వరప్రసాదం గారు "రంగు లేదంటన్నారు కదా, అయితే పరవాలేదులెండి" అన్నారు. సలోమి భర్త సుందరరావు సైకిలు తీసి తుడిచాడు. ఆ తర్వాత ఏళ్ళ తరబడి ఆవిణ్ణి రిహార్సల్స్‌కి తీసుకెళ్ళింది ఆ సైకిలే.

కొబ్బరికాయలు రాశి పోసిన దొడ్లలో వేశారు. వారపు సంతలో వేశారు. అన్నిటికంటే పేరొచ్చింది మాత్రం ముక్తేశ్వరం రేవులో గోదావరి దాటించే పంటు మీద వేసిన నాటకానికే. ఒక గట్టు మీద మొదలెడితే రెండో గట్టు వచ్చేసరికి ముగిసిపోవాలి. చూసేవాళ్ళు మధ్యలో లేచిపోతారన్న బెంగ లేదు, పోతే గోదాట్లోకే పోవాలి.

ఒకరోజు పంటు ఇసక మేట వేసిన చోట ఆగిపోయింది. నాటకం అయిపోయింది, గట్టు రాలేదు. జనం "ఆయ్, తర్వాతేమైందండీ?" అంటూ కూచున్నారు. బుచ్చిరాజు గారి మొహం తెల్లబోయింది. అత్తవారింటి నుంచి వెళ్ళిపోతున్న కోడలి వేషం సలోమిది. చటుక్కున తిరిగి, చేపల తట్ట పక్కన కూచున్న వరహాలమ్మని "నువ్వైతే ఏం చేసేదానివే అత్తా?" అని అడిగింది. వరహాలమ్మ చెప్పింది. దాన్ని ఇంకొకాయన కాదన్నాడు. పోటు వచ్చి పంటు కదిలే దాకా పంటంతా నాటకమే. తర్వాత బుచ్చిరాజు గారు దాని మీద ఎక్కడో సభలో చాలా పెద్ద మాటలు మాట్లాడారట. సలోమిని అడిగితే "పంటు కదిలేదాకా ఏదో ఒకటి మాట్లాడాలి కదండీ" అంది.

ఆ పంటు మీదే కామరాజు ఉన్నాడు. ఉప్పలగుప్తం అవతల పడవలవాళ్ళ కుర్రాడు, పూణే వెళ్ళి సినిమా తీయడం చదువుకొచ్చాడు. గట్టు దిగుతూనే "అక్కగారూ, నా సినిమాలో మీరే చెయ్యాలండి" అన్నాడు. తుఫానుకి మొగుణ్ణి పోగొట్టుకున్న బెస్త మనిషి కథ అది. పాటల్లేవు, ఫైటింగుల్లేవు, ఉన్నదల్లా సముద్రమూ సలోమీ. సెలవల్లో ఒడ్డున గుడిసెల్లో ఉండి తీశారు. ఎండకి ఆవిడ ఎంత నల్లబడిందంటే, బడి తెరిచిన రోజు పిల్లలు కొత్త టీచరొచ్చిందనుకున్నారు.

సినిమా మద్రాసు వెళ్ళింది. అక్కడ పెట్టుబడి పెట్టినాయన చూసి, అంతా బాగుంది గానీ ఈ గొంతు పనికిరాదన్నాడు. "గోదావరి యాస కామెడీవాళ్ళకయ్యా! ఏడ్చే ఆడది 'ఆయ్' అంటే హాలంతా నవ్వుతారు" అన్నాడు. వేరే ఆవిడ చేత మాటలు చెప్పించేశారు. ఒప్పుకోకపోతే సినిమా డబ్బాలోంచి బయటికి రాదు. కామరాజు తల వంచుకుని వచ్చి ఈ సంగతి చెప్పాడు.

"పోన్లెండి" అంది సలోమి. అతను వెళ్ళాక వంటింట్లో కూచుని ఉల్లిపాయలు తరిగింది. ఇంట్లో ఉన్నవన్నీ తరిగేసింది. మొహం తనదీ, మాట ఇంకెవరిదో అయితే అందులో తనెక్కడుంది? పంటు మీద గాలిలో కూడా నిలబడ్డ గొంతు, తండ్రి దగ్గర నేర్చుకున్న గొంతు, నవ్వుతారని తీసి అవతల పారేశారు. చాలా కష్టమనిపించింది. భర్తకి తప్ప ఎవరికీ చెప్పలేదు.

చెప్పకపోవడంతో వచ్చిపడింది చిక్కు. అమలాపురంలో ఆదివారం మార్నింగ్ షో వేస్తున్నారని తెలిసి, సంఘపెద్ద జ్ఞానప్రకాశం గారు ఆ వారం ఆరాధన తెల్లారుతూనే ముగించేశారు. "మన సలోమమ్మ మాట వినాలి, అందరూ బయల్దేరండి" అన్నారు. బైబిళ్ళు చంకన పెట్టుకుని సంఘం సంఘమంతా సినిమా హాల్లోకి నడిచింది. అలవాటు కొద్దీ మగవాళ్ళు ఎడమ పక్కనా ఆడవాళ్ళు కుడి పక్కనా కూచున్నారు. గేటు దగ్గర మనిషి టిక్కెట్ల నంబర్లు చెప్పి చెప్పి ఊరుకున్నాడు. జన్మలో సినిమా హాలు గడప తొక్కని వరప్రసాదం గారు ఇస్త్రీ కండువా వేసుకుని ముందు వరసలో కూచున్నారు. వెనక గోడకి ఆనుకుని కామరాజు నిలబడ్డాడు. సలోమి ఆడవాళ్ళ వైపు ఒక మూలకి వెళ్ళి కూచుంది.

తెర మీద ఆవిడ మొహం కనపడగానే హాలంతా కదిలింది. నోరు తెరవగానే రేడియోలో వార్తలు చదివినట్టు ఎవరిదో నున్నటి గొంతు! సలోమి పైట మొహానికి అడ్డం పెట్టుకుంది.

నోరు ఒకరిదీ మాట ఇంకొకరిదీ అవడం ఆ జనం కూటాల్లో తప్ప ఎక్కడా చూడలేదు. జ్ఞానప్రకాశం గారు లేచి నిలబడ్డారు.

"మాస్టారండీ, ఈ తర్జుమా ఎవరు చేస్తన్నారండీ?"

వరప్రసాదం గారు చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని శ్రద్ధగా విన్నారు. "ఎవరో కొత్తావిడండి. పెదవి ఆగేక కూడా మాట నడుస్తోంది. అలవాటు లేదు పాపం."

"అయినా మన పిల్ల తెలుగులోనే చెబుతూంటే మళ్ళీ తర్జుమా దేనికండీ?"

"ఆయ్, నేనూ అదే చూస్తన్నానండి."

జ్ఞానప్రకాశం గారు తిన్నగా ఆపరేటరు గదికి వెళ్ళారు. "బాబూ, ఆ తర్జుమా ఆవిణ్ణి కాసేపు కూచోమను. మా అమ్మాయి మాట వినపడ్డం లేదు" అన్నారు. ఆపరేటరు నోరు తెరిచేలోపు ఆయన వెనక ఇంకో పదిమంది బైబిళ్ళతో నిలబడ్డారు. అతను సౌండు తీసేశాడు.

హాల్లో మిషను చప్పుడొక్కటే మిగిలింది. తెర మీద సలోమి ఏదో చెబుతోంది, ఏమీ వినపడ్డం లేదు. అప్పుడు మగవాళ్ళ వైపు నుంచి వరప్రసాదం గారి మాట వచ్చింది.

"అమ్మా సలోమీ, వినపడ్డం లేదమ్మా. గట్టిగా చెప్పు."

సలోమి లేచింది. మైకు ఆవిడకి ఎప్పుడూ అక్కర్లేదు. తెర మీది తన పెదాలనే చూస్తూ, చిన్నప్పుడు చాప మీద కూచుని నేర్చుకున్న పద్ధతిలోనే మొదలెట్టింది. ఒక్క మాట ముందుకి పోలేదు, ఒక్క మాట వెనక పడలేదు. ఆఖరి సీను దాకా అలా నిలబడే చెప్పింది. అందులో ఆ మనిషి సముద్రానికి ఎదురుగా నిలబడుతుంది.

"నా మనిషిని తీసుకుపోయేవు. సరే. రేపు నా కొడుకు పడవేస్తాడు. ఆడి జోలికి రాకు. ఆయ్, నీకే చెబుతున్నాను."

ఒక్కరు కూడా నవ్వలేదు. తర్వాత ఎడమ పక్క నుంచీ కుడి పక్క నుంచీ ఒక్కసారే, సరైన మాట చెప్పినప్పుడు ఎప్పుడూ అనేటట్టే, హాలంతా "ఆయ్" అంది.

వెనక నుంచి కామరాజు కళ్ళు తుడుచుకుంటూ పరిగెత్తుకొచ్చాడు. "అక్కగారూ, తప్పయిపోయిందండి. ఆయన ఏమన్నా సరే, మళ్ళీ మీ గొంతే పెట్టిస్తాను. మద్రాసు వస్తారాండీ?"

సలోమి చెయ్యెత్తి ఏదో చెప్పబోయింది. పెదాలు కదిలాయి గానీ మాట రాలేదు.

పక్కకి వచ్చి నిలబడ్డ వరప్రసాదం గారు కూతురి మొహంలోకి చూసి, తనూ అలాగే చెయ్యెత్తారు.

"వస్తానంటోందండి" అన్నారు.