ఆర్విల్ బూరలోని పగులు

కెంటకీ కొండల్లో, గనులు మూతబడ్డాక మిగిలిన ఆ ఊళ్ళో, సైన్యంలో చేసొచ్చినవాడు ఎవడు కన్నుమూసినా ఆర్విల్ స్టిడమ్ బూర ఊదాల్సిందే. యాభై ఏళ్ళుగా అదే వరస. తుపాకులు మూడు సార్లు పేలతాయి, గుట్ట మీంచి ఇరవై నాలుగు స్వరాల సాగనంపు పాట వస్తుంది, ఆ తర్వాతే పెట్టె మట్టిలోకి దిగుతుంది. పాట పైకెక్కే చోట, అన్నిటికన్నా ఎత్తు స్వరం దగ్గర, ఆర్విల్ ఊదు ఎప్పుడూ పగిలేది. పొరుగూరి నుంచి వచ్చినవాళ్ళు తప్పు ఊదాడనుకునేవాళ్ళు. ఊరివాళ్ళకి మాత్రం ఆ పగులు వినబడితేనే కార్యం సవ్యంగా జరిగినట్టు.

ఆ పగులు కొరియా యుద్ధంలో వచ్చింది. అప్పటికి ఆర్విల్‌కి పంతొమ్మిదేళ్ళు. ఆ చలికాలం మంచుకొండల్లోంచి వెనక్కి వచ్చేస్తూ, తమ వాళ్ళ శవాలని మోసుకురాలేక, గడ్డకట్టిన నేలని బుల్డోజరుతో చీల్చి అందరినీ ఒకే గోతిలో పడుకోబెట్టారు. ఊదమన్నారు ఆర్విల్‌ని. బూర ఇత్తడి చలికి బిగుసుకుపోయి ఉంది, పెదవి దానికి అంటుకుపోయింది. లాగితే తోలు ఊడి దానితోపాటే వచ్చింది. స్వరం మాత్రం రాలేదు. రాత్రంతా శత్రువులు, చైనావాళ్ళు, బూరలు ఊదుకుంటూ మీదకొచ్చారు, వాళ్ళవి మాత్రం భేషుగ్గా మోగాయి. తనవాళ్ళ గోతి దగ్గరే మూగనోము. బుల్డోజరు మట్టి కప్పేసి పోయింది.

పక్కన నిలబడ్డవాడు డెంజిల్ నోబుల్. ఇద్దరిదీ ఒకే ఊరు, ఒకే వాగు నీళ్ళు. రక్తం కారుతున్న ఆ మూతికి తన మఫ్లరు అడ్డం పెట్టి, "ఏడవకురా, నా గోతి దగ్గర ఊదుదువుగానిలే" అన్నాడు డెంజిల్. అదీ ఒట్టు. చలిలో పళ్ళు కొట్టుకుంటూ అన్న మాట, అయినా ఒట్టు ఒట్టే.

పెదవి మానింది, మచ్చ మిగిలింది. ఆ మచ్చ వల్లే పైస్వరం పగిలేది.

మూడేళ్ళ కిందట ఆర్విల్‌కి పక్షవాతం తగిలి మూతి ఎడమవైపు జారింది. సూపు తాగితే చొక్కా మీద సగం. అప్పుడు మాజీ సైనికుల క్లబ్బు పెద్ద వెండెల్ ఒక మెషీన్ తెచ్చాడు. వియత్నాం వెళ్ళొచ్చినవాడు వెండెల్, మనసు మంచిది, తొందర ఎక్కువ. గుప్పెడంత డబ్బా, బూర విచ్చుకున్న వైపు దోపి మీట నొక్కితే, ఐదు క్షణాలాగి, ఎవడో ఎక్కడో ఊదిన పాట ఒక్క తప్పు లేకుండా మోగుతుంది. బుగ్గలు ఉబ్బించి నిలబడితే చాలు.

"దేశం మొత్తం మీద ఊదేవాళ్ళు కరువైపోయారు బాబాయ్. సైన్యంవాళ్ళే ఇది వాడుతున్నారు. సిగ్గేముంది ఇందులో?" అన్నాడు వెండెల్.

సిగ్గు ఎందుకుండదు? ఉంది. కానీ ఊదనంటే ఇంట్లో కూర్చోవాలి. ఆర్విల్ ఒప్పుకున్నాడు. నలభై ఒక్క చావులకి బుగ్గలు ఉబ్బించాడు. "జబ్బు చేశాక ముసలాయన ఊదు ఇంకా బాగుపడింది" అని చర్చిలో మెచ్చుకున్నారు జనం. ఆ మెప్పు వినలేక చావాలనిపించేది.

ఇక డెంజిల్ వంతు వచ్చింది. ముప్ఫై ఏళ్ళు గనిలో పీల్చిన బొగ్గు ఊపిరితిత్తుల్లో పేరుకుపోయి, ముక్కులో ఆక్సిజన్ గొట్టంతో మంచానికి అంటుకుపోయాడు. ఆర్విల్ చూడ్డానికి వెళితే, అతని భార్య లర్లీన్ చిక్కుడు గింజల కూర, మొక్కజొన్న రొట్టె పెట్టి పక్క గదిలోకి వెళ్ళింది.

"మూడేళ్ళ నుంచీ భలే ఊదుతున్నావురా," అన్నాడు డెంజిల్, మాట మాటకీ ఊపిరి వెతుక్కుంటూ. "ఎక్కడా పగుల్లేదు."

ఆర్విల్ రొట్టె ముక్క పళ్ళెంలో పెట్టేశాడు.

"నీకు తెలుసా?"

"నీ పగులు నాకు తెలీదట్రా వెధవా? అది నీ ఒక్కడిదా? ఆ గోతిలో వాళ్ళందరిదీ. మిగతావాళ్ళకి నువ్వేం పెట్టుకుంటావో నాకనవసరం. నాకు మాత్రం ఆ డబ్బా వద్దు. పలికినంత పలుకు. గాలే వస్తే గాలే."

"అలాగేలే."

"లర్లీన్‌కి కూడా చెప్పా. పగులు వినబడితే వీడు మాట నిలబెట్టుకున్నట్టు అని."

వారం తిరక్కముందే డెంజిల్ పోయాడు. మధ్యలో మంచు కురిసి దారులు మూసుకుపోవడంతో ఖననం ఎనిమిది రోజులు ఆగింది. ఆర్విల్‌కి ఆ ఎనిమిది రోజులే దొరికాయి. పొద్దున లేవగానే పొగాకు ఆరబెట్టే పాత కొట్టంలోకి వెళ్ళేవాడు. జారిన మూతిని వేలితో పైకి నొక్కి పట్టి ఊదేవాడు. మొదటి మూడు రోజులూ ఉమ్మి, గాలి, అంతే. నాలుగో రోజు ఒక స్వరం. ఆరో రోజుకి ఎనిమిది. ఏడో రోజు సాయంత్రం మళ్ళీ అన్నీ పోయాయి, గొడ్డు రొప్పినట్టు శబ్దం వచ్చింది. సరిగ్గా అప్పుడే వెండెల్ మర్నాటి ఏర్పాట్లు చెప్దామని వచ్చి కొట్టం బయట నిలబడ్డాడు. విన్నాడు. తలుపు తట్టకుండానే వెళ్ళిపోయాడు. తట్టి ఉంటే ఎంత బాగుండేది.

ఎనిమిదో రోజు, ఖననం నాటి పొద్దున, ఇరవై నాలుగు స్వరాలూ వచ్చాయి. వణుకుతూ, కుంటుతూ వచ్చాయి, పైస్వరం దగ్గర ఎప్పటిలాగే పగిలింది. ఆర్విల్ కొట్టంలో గడ్డి మీద కూర్చుని ఏడ్చాడు. సంతోషంతో ఏడ్చి ఎన్నేళ్ళయిందో ఆయనకే గుర్తులేదు.

గుట్ట మీద కరిగిన మంచు బురద. తుపాకులు పేలాక వెండెల్, తన బండిలో తెచ్చిన ఆర్విల్ బూరని పద్ధతి ప్రకారం రెండు చేతులా అందించాడు. ధ్యాసంతా మూతి మీదే ఉన్న ఆర్విల్ తెల్ల గ్లవుజు చేతులకి బూర కాస్త బరువు తూగిన సంగతి తెలియలేదు. ఆర్విల్ మూతిని వేలితో సర్దుకున్నాడు. గుండెల నిండా గాలి పీల్చాడు.

ఊదకముందే పాట మొదలైంది.

స్వచ్ఛంగా, గుండ్రంగా, వెన్నలాగా. వెండెల్ బండిలోనే డబ్బా దోపి, అందిస్తూ మీట నొక్కేశాడు. ముసలాయన నలుగురిలో నవ్వులపాలు కాకూడదని చేశాడు పాపం. ఆర్విల్ పీల్చిన గాలి ఛాతీలోనే ఉండిపోయింది. బూర దించేద్దామనుకున్నాడు. దించితే బూర దానంతట అదే పాడుతున్న సంగతి లర్లీన్ కళ్ళ ముందే, ఊరందరి ముందే బయటపడుతుంది. డెంజిల్ చావు నవ్వులాట అవుతుంది. అందుకని బుగ్గలు ఉబ్బించి నిలబడ్డాడు. పైస్వరం వచ్చింది. చక్కగా వచ్చింది. వెళ్ళిపోయింది.

పెట్టె మీద కప్పిన జెండా మడిచి లర్లీన్ ఒళ్ళో పెట్టారు. జనం లేచాక ఆవిడ ఆర్విల్ దగ్గరికి వచ్చింది.

"ఆ పగులు కోసం చెవులు రిక్కించి కూర్చున్నాను, అన్నయ్యా. రాలేదు."

"నేను ఊదుదామనే చెల్లెమ్మా... పొద్దున వచ్చింది నాకు, మొత్తం వచ్చింది..."

"పోనీలే అన్నయ్యా," అంది లర్లీన్, ఆయన చెయ్యి నిమిరి. "ఆయన వినలేదుగా."

ఆవిడ కారెక్కింది. వెండెల్ వచ్చి భుజం తట్టాడు. "పరువు దక్కింది బాబాయ్. నిన్న విన్నాలే కొట్టం దగ్గర. భయపడిపోయాననుకో."

"నువ్వెళ్ళరా," అన్నాడు ఆర్విల్, అంతే.

అందరూ వెళ్ళాక డబ్బా పీకి జేబులో పడేసి, గోతి అంచున నిలబడ్డాడు. వేలితో మూతి నొక్కి పట్టాడు. ఊదాడు. గాలి వచ్చింది. మళ్ళీ ఊదాడు. గాలి, ఉమ్మి. పొద్దున ఉన్న పెదవి ఇప్పుడు లేదు, ఏడుపుతో అదురుతోంది. గోతి పూడ్చడానికి వచ్చినవాడు మట్టి యంత్రం ఆపి, టోపీ తీసి కాసేపు చూశాడు. పొద్దు గుంకుతోంది, అవతల ఇంకో గొయ్యి కూడా పూడ్చాలి వాడికి. "ఇక కానివ్వమంటారా పెద్దాయనా?" అని అడిగాడు. ఆర్విల్ పక్కకి జరిగాడు. యంత్రం మట్టి కప్పేసి పోయింది.