పెద్దబావ చేతులు

గోడౌనులో వాళ్లిద్దరినీ విడివిడిగా తలుచుకున్నవాళ్లు లేరు. ఒకడు పెద్దబావ, ఇంకొకడు చిన్నబావ. పెద్దబావ చెల్లెల్ని చిన్నబావ చేసుకున్నాడు. వరసకి ఒకరికొకరు బావలే కాబట్టి "బావా" అని కేక వినిపిస్తే ఎవరు ఎవర్ని పిలిచారో తెలియక కొత్తలో సూపర్‌వైజరు తికమకపడేవాడు. చివరికి ఆయనే వయసు చూసి ఒకణ్ణి పెద్ద చేశాడు, ఒకణ్ణి చిన్న చేశాడు. ఆ పేర్లే ఉండిపోయాయి.

ఫ్రిజ్‌లు, బట్టలుతికే మిషన్లు, ఇనప బీరువాలు, ఒక మనిషి వల్ల కానివన్నీ వాళ్ల వాటా. లెక్కపెట్టి లేపడం వాళ్లకి అలవాటు లేదు. కింద పట్టు పట్టినవాడు "ఊ" అంటాడు. ఎదుటివాడు "ఊ" అంటాడు. అంతే, సరుకు గాల్లో ఉంటుంది. ఒకడి "ఊ" విన్నాక రెండోవాడు లేపకుండా ఉండటం గానీ, సరుకు నేల తాకకముందే చెయ్యి వదలడం గానీ అన్నేళ్లలో జరగలేదు. జరిగితే కిందవాడి కాలో చెయ్యో పోతుంది. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు కాబట్టి ఎప్పుడూ మాట్లాడుకోలేదు. కూలీల్లో ఇంకో మాట ఉండేది: ముందు పట్టుకో, తర్వాత తిట్టుకో. ర్యాకు మీంచి ఏదన్నా జారితే ఎవడి తప్పని చూడరు, దగ్గరున్నవాడు దూకి పట్టుకుంటాడు. తిట్లకి తీరిక తర్వాత బోలెడంత.

తర్వాత తాబేళ్లు వచ్చాయి. వాటికేదో ఇంగ్లీషు పేరుంది గానీ నేలకి కరుచుకుని పాకుతూ, ర్యాకు కిందకి దూరి, దాన్ని వీపు మీద మోసుకుపోయే యంత్రాన్ని ఇంకేమంటారు. చప్పుడు లేదు, చెమట లేదు, టీకి వెళ్లొస్తానని అడగడం లేదు. గోడౌనులో సగం నేలకి చుట్టూ పసుపు గీత గీశారు. గీత దాటి మనిషి కాలు పెడితే తాబేళ్లన్నీ ఎక్కడివక్కడ ఆగిపోతాయి. మళ్లీ కదిలించాలంటే పై ఆఫీసులో ఎవరో తల పట్టుకోవాలి.

"పాతవాళ్లని ఎవర్నీ తీసెయ్యం, అందరికీ కొత్త పని నేర్పిస్తాం" అన్నాడు మేనేజరు. మాట తప్పాడని అనలేం. నేర్పించారు. నేర్చుకోలేనివాళ్లు వాళ్లంతట వాళ్లే పోయారు.

ట్రైనింగంటే భోజనాల గదిలో. బల్లలు గోడకి నెట్టి, కుర్చీలు వరసగా వేసి, ఎదురుగా తెల్ల తెర కట్టారు. ఆ తెర ముందు నిలబడ్డ అమ్మాయిని అందరూ టీచరమ్మ అన్నారు. మంచి పిల్ల. ఎవర్నీ విసుక్కోలేదు. లావుపాటి వేళ్లతో ట్యాబు మీద ఒకటి నొక్కబోతే రెండు నొక్కుకుంటుంటే, "చిటికెన వేలు వాడండి బాబాయ్" అని ఉపాయం చెప్పింది. బస్తాలెత్తిన మగాళ్లంతా చిటికెన వేలు పైకెత్తి, ముక్కుపొడుం పీల్చేవాళ్లలా ట్యాబులు పట్టుకుని కూర్చున్నారు. చిన్నబావ నవ్వాపుకోలేక దగ్గు నటించాడు.

కొత్త పని పేరు కాపలా. గీత బయట నిలబడి తాబేళ్లని చూస్తూ ఉండాలి. ఏదన్నా పడితే నాలుగు ముక్కలు: చూడాలి, ఒక అడుగు వెనక్కి వెయ్యాలి, చేతులు వెనక్కి కట్టుకోవాలి, అప్పుడు తాపీగా స్తంభానికున్న, తాబేళ్లని పద్ధతిగా ఆపే బటన్ నొక్కాలి. చేతులు కట్టుకునే ముక్క పుస్తకంలో లేదు. కూలీల చేతులు ఊరుకోవని కనిపెట్టి టీచరమ్మే కలిపింది. చేతులు కట్టుకు నిలబడ్డవాణ్ణి దద్దమ్మ అని తిట్టే చోట పెరిగిన మనుషులు వాళ్లు. ఇప్పుడదే ఉద్యోగం.

పెద్దబావకి ఆ ఉద్యోగం కావాలి. కావాలంటే అలా ఇలా కాదు. నడుములో పూసలు అరిగిపోయాయని, ఇంక బరువెత్తితే మంచం దిగవని డాక్టరు చెప్పేశాడు. ఆ సంగతి ఇంట్లో వాళ్లకి, చిన్నబావకి తప్ప ఎవరికీ తెలియదు. కొంత కాలంగా జోడీ బరువులో పెద్ద వాటా చిన్నబావే తన వైపు లాక్కుంటున్నాడు. ఒళ్లు అమ్ముకుని బతికినవాడికి ఒళ్లు పోయాక, నిలబడి చూసే పని ఒక్కటే మిగిలింది. అది పోతే ఇంకోటి లేదు.

పరీక్ష రోజున ఇద్దర్నీ ఒకేసారి గీత దగ్గర నిలబెట్టారు. తాబేళ్లు తిరుగుతున్నాయి. టీచరమ్మ చాటునుంచి పై అరలో ఉన్న పెద్ద అట్టపెట్టెని కర్రతో తోసింది. పెట్టె ఒరిగింది. ఒరగడం ఎంత, ఆ పక్కనుంచి పెద్దబావ, ఈ పక్కనుంచి చిన్నబావ గీత దాటి దూకారు. "ఊ" అన్నాడు చిన్నబావ. "ఊ" అన్నాడు పెద్దబావ. పెట్టె ఇద్దరి చేతుల మధ్య పదిలంగా ఆగింది. తాబేళ్లన్నీ పట్టుబడ్డ దొంగల్లా ఎక్కడివక్కడ నిలబడ్డాయి. వెనకున్న కూలీలు చప్పట్లు కొట్టారు, తర్వాత సంగతి గుర్తొచ్చి మానేశారు.

టీచరమ్మ నుదురు రుద్దుకుంది. "పెట్టెలో ఏమీ లేదు బాబాయ్. పడనివ్వాలి" అంది.

"పడిపోతుంటే ఎలాగమ్మా" అన్నాడు చిన్నబావ.

అతను మామూలుగానే అడిగాడు. దానికి జవాబు టీచరమ్మ అప్పటికే ఎన్నోసార్లు చెప్పింది. ఇద్దరికీ ఇంకొక్క అవకాశం రాసిచ్చింది.

చిన్నబావ రెండో పరీక్షకి రాలేదు. ఆ సాయంత్రం సైకిల్ స్టాండు దగ్గరే తేల్చేశాడు. "నావల్ల కాదు బావా. పడేదాన్ని చూస్తూ నిలబడమంటే నాకు ఊపిరాడదు. నా నడుము ఇంకా బాగానే ఉంది, బయట ఇళ్ల సామాన్లు మోసుకుంటా. నువ్వు మాత్రం పాసవ్వు."

"ఎలా పాసవ్వను? చేతులు నా మాట వినట్లేదు."

"వినిపించుకో. నీకింకో దారి లేదు."

మొక్కై వంగనిది మానై వంగునా అంటారు. అన్నవాళ్లు అరిగిన నడుముతో ఉద్యోగం వెతుక్కుని ఉండరు. పెద్దబావ ఇంట్లో బడి పెట్టుకున్నాడు. వంటింటి గుమ్మంలో నిలబడి, భార్యని ఎదురుగా నిలబెట్టి, చేతికందిన వస్తువునల్లా పడెయ్యమన్నాడు.

"నాకు పనీపాటా లేదనుకున్నావా?" అందామె. అంటూనే గరిట వదిలింది. పట్టుకున్నాడు. చెంచా వదిలింది, పట్టుకున్నాడు. ఉల్లిపాయ వదిలితే ఎడం చేత్తో పట్టుకున్నాడు. "సర్కసులో చేరు, ఇంతకన్నా మంచి జీతం" అని ఆమె నవ్వింది. అతను నవ్వలేదు. చేతులు వెనక్కి పెట్టుకుని ఒక మణికట్టుని ఇంకో చేత్తో బిగించి పట్టుకున్నాడు. "ఇంకోటి వెయ్యి."

రోజూ పొయ్యి ఆర్పాక ఇదే తంతు. ఆమె పడేస్తుంది, అతను మణికట్టు బిగిస్తాడు. మొదట్లో భుజాలు ఎగిరిపడేవి, తర్వాత మోచేతులు, తర్వాత వేళ్లు మాత్రం. ఒక రోజు ఆమె ఏమనుకుందో ఏమో, పుట్టింటినుంచి తెచ్చుకున్న పింగాణీ గిన్నె తీసి వదిలింది. తెలిసే వదిలింది. పట్టుకుంటాడనే అనుకుని ఉంటుంది. అతను ఒక అడుగు వెనక్కి వేశాడు. గిన్నె ముక్కలైంది. అతని వేళ్లు కూడా కదల్లేదు.

ఆమె వంగి ముక్కలు ఏరుకుంది. "వచ్చేసిందిలే నీకు. ఇంక నన్ను పిలవకు" అంది.

పెద్దబావ పాసయ్యాడు. టీచరమ్మ నిజంగా సంతోషించింది. "మీకు రాదనుకున్నాను బాబాయ్" అని చెయ్యి కలపబోయింది. అతని చేతులు వెనక ఉన్నాయి, తీసుకురావడం కాస్త ఆలస్యమైంది. మేనేజరు భుజం తట్టాడు. ఇంటికొచ్చి భార్యకి చెప్తే "మంచిదే" అంది. సంతోషం కోసం లోపల వెతుక్కున్నాడు గానీ దొరకలేదు. బాధ కోసం వెతికితే అదీ లేదు. అన్నం తిని పడుకున్నాడు.

కొత్త పనిలో ఏమీ జరగకపోవడమే పని బాగా జరగడం. పొద్దున స్తంభం పక్కన నిలబడతాడు. తాబేళ్లు ర్యాకుల్ని మోసుకుంటూ వెళ్తాయి, వస్తాయి. దారిలో ఒకదానికొకటి ఎదురైతే ఒకటి ఆగుతుంది, ఒకటి పోతుంది. ఏ "ఊ" లేకుండానే. ఎప్పుడో ఏదో పడుతుంది. చూస్తాడు, వెనక్కి జరుగుతాడు, చేతులు కట్టుకుంటాడు, నొక్కుతాడు. తర్వాత ఒక పాటలాంటి చప్పుడొచ్చి మళ్లీ అన్నీ కదులుతాయి. నడుము నొప్పి తగ్గింది. దాంతోపాటు ఇంకేం తగ్గిందో అతనికి తెలియలేదు, తెలుసుకోవాలనీ అనిపించలేదు. ఎవరన్నా "ఎలా ఉంది పని?" అంటే "బాగుంది" అనేవాడు. అబద్ధం కూడా కాదు.

ఇంతలో చిన్నబావ వాళ్లు ఇల్లు మారారు. పాత ఇంటి గోడలకి చెమ్మ పట్టి పిల్లకి దగ్గు వదలడం లేదని, మొదటి అంతస్తులో వేరే వాటా చూసుకున్నారు. ఆదివారం సామాను మార్చుకునే వేళకి చిన్నబావతో పనిచేసే మనిషి జ్వరమని రాలేదు. సాయానికొచ్చిన పెద్దబావ బీరువా మీద చెయ్యి వేశాడు.

"నువ్వొద్దన్నయ్యా, నీ నడుము" అంది చెల్లెలు.

"బీరువా ఒక్కటేగా. పైన పట్టుకుని దారి చూపిస్తే చాలు, బరువంతా నాదే" అన్నాడు చిన్నబావ. పెద్దబావతో జోడీ కట్టి చాలా రోజులైంది. అతని ముఖంలో ఆ సరదా దాగలేదు. చెల్లెలు పైన గదులు ఊడవడానికి వెళ్లిపోయింది.

ఇరుకు మెట్లు. పైన పెద్దబావ, కింద చిన్నబావ, మధ్యలో చెల్లెలి పెళ్లినాటి ఇనప బీరువా. "ఊ" అన్నాడు చిన్నబావ. "ఊ" అన్నాడు పెద్దబావ. లేచింది. పాత రోజుల్లాగే లేచింది. మెట్టు తర్వాత మెట్టు ఎక్కారు. మలుపు దగ్గర బీరువాని నిలువుగా తిప్పాలి. తిప్పుతుంటే చిన్నబావ పట్టు కోసం చేతిలో పెట్టుకున్న గుడ్డ జారింది. బీరువా ఒక పక్కకి ఒరిగింది.

"ఊ" అన్నాడు చిన్నబావ గట్టిగా. పైవాడు తన వైపు లాక్కోవాలని దానికి అర్థం. కొద్దిగా లాగినా చాలు, పట్టు సర్దుకుంటాడు.

పెద్దబావ చూశాడు. ఒక అడుగు వెనక్కి వేశాడు. చేతులు వెనక్కి కట్టుకున్నాడు.

బీరువా చిన్నబావ మీదకి వాలింది. అతను భుజం ఇచ్చి, ఒక చెయ్యి గోడకి ఆనించి ఆపాడు. ఆ చేతిని గోడకి నొక్కేస్తూ బీరువా అంచు దిగింది. అతను తల పైకెత్తి బావ వంక చూశాడు. ఆ చూపులో కోపం లేదు. అర్థం కాలేదు, అంతే. పెద్దబావ కళ్లు పక్క గోడ మీద ఏదో వెతుకుతున్నాయి. మణికట్టు వెనక బిగిసి ఉంది. విప్పాలని అతనికి తెలుస్తూనే ఉంది.

చప్పుడు విని చెల్లెలు చీపురుతో బయటికొచ్చింది. అన్న వీపు కనిపించింది, వీపు మీద కట్టుకున్న చేతులు కనిపించాయి, వాటి అవతల బీరువా కింద మొగుడు.

"జరుగన్నయ్యా."

అతన్ని పక్కకి నెట్టి బీరువా పై అంచు రెండు చేతులా పట్టుకుని లాగింది. చిన్నబావ చెయ్యి బయటికొచ్చింది. గోళ్లు నల్లబడ్డాయి, మణికట్టు అప్పుడే వాస్తోంది. ఎముక విరగలేదు, వేళ్లు కదులుతున్నాయి. అదృష్టం అనాలంటే అనొచ్చు.

బీరువాని మలుపు గోడకి ఆనించి కాసేపు ముగ్గురూ మెట్ల మీద కూర్చున్నారు. చెల్లెలు తడిగుడ్డ చుట్టింది. పెద్దబావ ఏదో ఒకటి అనాలని నోరు తెరిచాడు. "బావా, నేను..." అన్నాడు.

"బటన్ కోసం వెతికావా?" అన్నాడు చిన్నబావ.

పెద్దబావ తలూపాడు.

"మా మెట్లకి పెట్టించలేదు బావా. ఇంటి ఓనరుతో మాట్లాడతా" అని చిన్నబావ నవ్వాడు. చెల్లెలు కూడా కొంచెం నవ్వింది. పెద్దబావ ఇద్దర్నీ చూసి నవ్వు ముఖం పెట్టాడు. వాళ్లు తిట్టి ఉంటే బాగుండేది. తిట్లకి బోలెడంత తీరిక ఉంది, ఒక్కరూ తిట్టలేదు.

"నువ్వు కింద దుప్పట్లూ దిండ్లూ తీసుకురా అన్నయ్యా, అవి తేలిక" అంది చెల్లెలు. గొంతులో నిష్ఠూరం లేదు. ముసలివాళ్లకి పని చెప్పేటట్టు చెప్పింది.

అతను కిందకి వెళ్లాడు. ఆటోలో మిగిలిన దిండ్లు రెండు చంకల్లో ఇరికించుకున్నాడు. గుమ్మం దాకా వచ్చేసరికి పైన మెట్ల మలుపులోంచి చిన్నబావ గొంతు వినిపించింది.

"ఊ."

పెద్దబావ చేతులు లేచాయి. దిండ్లు రెండూ జారి నేల మీద పడ్డాయి.

"ఊ" అంది పైనుంచి చెల్లెలి గొంతు. బీరువా కదిలిన చప్పుడైంది.