పత్తిపాల బండి దగ్గర అక్క

మా అక్కను తళవాయిపురంలో ఇచ్చారు, నన్ను రాజపాళయంలోనే. బస్సెక్కి కూర్చుంటే కునుకు పట్టేలోపే వచ్చేసే దూరం. అయినా కొన్నేళ్లుగా మేమిద్దరం ఒకరి గడప ఒకరు తొక్కలేదు. చోళపురంలో మా నాన్న ఇద్దరికీ పంచి ఇచ్చిన కొబ్బరి తోటకు బావి ఒకటే, మోటారూ ఒకటే. ఒక ఎండాకాలం ఆ మోటారు కాలిపోయింది. ఆపకుండా వదిలేసింది నువ్వంటే నువ్వని మా ఆయనా, బావా తోటలోనే చొక్కాలు పట్టుకున్నారు. ఆ తర్వాత మా ఇంట్లో అక్క మాట ఎత్తకూడదు, వాళ్ళింట్లో నా మాట ఎత్తకూడదు. కాలిన మోటారును మాత్రం ఎవరూ బాగుచేయించలేదు.

అందుకని వారానికోసారి మా ఊరి బస్టాండు పక్కనున్న మైదానంలో కలుసుకునేవాళ్ళం. మందులకని అక్క, కూరగాయలకని నేను, ఇంట్లో చెప్పి బయలుదేరేవాళ్ళం. పొద్దు వాలేసరికి అక్కడ తోపుడు బండ్లు చేరేవి. ఒకచోట గుంత పొంగనాల్లాంటి పణియారాలు, ఒకచోట ఉడికించి తాలింపేసిన శనగల సుండల్, ఇంకోచోట పరోటా పెనం మీద గరిటెల మోత. మేము కూర్చునేది పత్తిపాల బండి దగ్గర. పత్తిగింజలు రుబ్బి పిండిన పాలల్లో తాటిబెల్లం, సొంఠి వేసి చిక్కగా కాచేది ఆ బండి ఆమె. ఆ తమిళ ఊళ్ళో ఆమెదీ మా ఇంటి భాషే, తెలుగు. మేమెవరో, ఎందుకక్కడ కూర్చుంటున్నామో ఎప్పుడూ అడగలేదు. దారిన పోయేవాళ్ళకు కనిపించకుండా బల్లను బండి వెనక్కు జరిపి పెట్టేది. చుట్టూ ఉన్న గోలలో మా మాట మూడో మనిషికి వినపడేది కాదు. గర్భసంచి తీసెయ్యాలని డాక్టరు చెప్పిన సంగతి బావకంటే ముందు అక్క నాతో చెప్పింది ఆ బల్ల మీదే.

ఆపరేషనై అక్క తేరుకుని మళ్ళీ రావడం మొదలుపెట్టిన కొద్ది వారాలకే మైదానం చుట్టూ రేకులు కట్టేశారు. మైదానాన్ని అందంగా తీర్చిదిద్దుతారట. బండ్లన్నిటినీ బైపాస్ అవతల ఖాళీ జాగాకు పొమ్మన్నారు. అక్కడికి బస్సు పోదు. నేను అక్క కూడా అక్కడికే వస్తుందనుకుని ఎండలో నడిచి పోయాను. ఆమేమో నేను బస్టాండులో ఉంటాననుకుని అక్కడే కూర్చుని, ఆఖరు బస్సెక్కి వెళ్ళిపోయింది. ఫోను చేద్దామంటే వాళ్ళింట్లో ఉన్న ఒక్క ఫోనూ బావ జేబులో ఉంటుంది. మరుసటి వారం నేను బస్టాండులో కాచుకున్నాను. అక్క ఆటో పట్టుకుని బైపాస్‌కు పోయింది. ఇంటికొచ్చి కూరగాయల సంచి నేల మీద విసిరికొట్టాను. టమాటాలు చితికాయి. మా ఆయన ఏమైందన్నాడు. ఏం చెప్పను?

పని చేయించే ఇంజనీరును పోయి అడిగాను. ఇదంతా కొన్నాళ్ళకే, తర్వాత బండ్లు తిరిగి వచ్చేస్తాయని తమిళంలో నవ్వుతూ చెప్పాడు. వానలు పోయాక మళ్ళీ పోతే ఆ కుర్చీలో వేరే మనిషి ఉన్నాడు. ఆయనా అదే చెప్పాడు, అలాగే నవ్వాడు.

ఎలాగో మళ్ళీ బస్టాండులోనే కలుసుకోవడం మొదలయ్యాక, ఒకసారి హోటల్లో కూర్చున్నాం. నడుం నొప్పి తగ్గడంలేదని అక్క మొదలుపెట్టిందో లేదో, సర్వరు వచ్చి మా మోచేతుల కింద బల్ల తుడిచాడు. వెనకాల ఒక కుటుంబం మా కుర్చీల మీద చేతులు వేసి నిలబడింది. కాఫీ సగంలో వదిలేసి లేచాం.

చివరికి రేకులు తీశారు. నున్నటి రాళ్ళు పరిచారు, రంగు దీపాలు పెట్టారు, స్టీలు బెంచీలు వేశారు. ఎవరూ పడుకోకూడదని బెంచీలకు మధ్యమధ్య కడ్డీలు. బండ్లు మాత్రం లోపలికి రాకూడదట. పత్తిపాల ఆమె బైపాస్ దగ్గర కొన్నాళ్ళు మీగడ కట్టిన పాలు ముందు పెట్టుకుని కూర్చుందనీ, తర్వాత బండి అమ్మేసి మంసాపురంలో కూతురి దగ్గరికి పోయిందనీ సుండల్ అమ్మే అతను చెప్పాడు.

అక్కా నేనూ కడ్డీకి ఇటొకరం అటొకరం కూర్చుని మురుకుల పొట్లం విప్పాం. వాచ్‌మన్ ఈల వేశాడు. ఇక్కడ తినకూడదన్నాడు.

అక్క పొట్లం మూసి లేచి నిలబడింది. "ఏమే, మనం ఏమైనా దొంగతనం చేసినామా? రా, మీ ఇంటికే పోదాం."

"ఆయన ఇంట్లో ఉండారు అక్కా."

"ఉండనీ. నా మరిదే గదా."

నా సమాధానం కోసం చూడకుండా నడిచింది. నేను వెనకాలే పోయాను. మా ఆయన టీవీ ముందున్నాడు. అక్కను చూసి సౌండు తగ్గించాడు. బావ పేరెత్తకుండా, "వాడు పంపించినాడా?" అన్నాడు.

"నన్ను ఎవురూ పంపించలే. నా సెల్లెల్ని సూసేదానికి నేనే వచ్చినాను," అంది అక్క.

ఆయన చొక్కా తగిలించుకుని బయటికి పోయాడు. వంటింట్లో అక్క కాఫీ ఈసారి మొత్తం తాగింది. సంగతి తెలిసి బావ కొన్నాళ్ళు ఆమెతో మాట్లాడలేదట. తర్వాత ఆకలి వేసి మాట్లాడాడని అక్కే నవ్వుతూ చెప్పింది.

ఇప్పుడు అక్క మా ఇంటికే వస్తుంది. ఎవరూ వద్దనరు, ఎవరూ రమ్మనరు. మా ఆయన ఇప్పుడు బయటికి పోవడం మానేశాడు. అక్క వచ్చిందంటే హాల్లో కూర్చుని టీవీ సౌండు బాగా తగ్గిస్తాడు. మాది రెండు గదుల ఇల్లు, గోడకు అవతల మనిషి తుమ్మితే ఇవతల వినపడుతుంది. దాంతో మేము దగ్గు గురించీ, ఎండల గురించీ మాట్లాడుకుంటాం. ఇన్నాళ్ళూ ఈ గడప దాటాలని కొట్టుకున్నది దీనికేనా అని నాకు ఒళ్ళు మండుతుంది.

పోయిన వారం అక్క సంచిలో స్కాన్ కవరుతో వచ్చింది. కళ్ళతోనే పైకి పోదామంది. మేడ మీద నీళ్ళ ట్యాంకు పక్కన కాస్త నీడ ఉంది, కూర్చోడానికి ఏమీ లేదు. అక్క నడుం వంచి నేల మీద కూర్చోలేదు కదా అని కుర్చీ తేవడానికి కిందికి పోయాను. ఎవరికని మా ఆయన అడిగాడు. అక్కకని చెప్పాను. ఇక్కడే కూర్చోవచ్చు కదా అన్నాడు. పైన గాలి వస్తుందని చెప్పి, కుర్చీ మోసుకుంటూ ఆ ఇరుకు మెట్లెక్కేసరికి, బస్సుకు టైమైందని అక్క కవరు బయటికి తీయకుండానే సంచి భుజానికి తగిలించుకుని ఎదురు దిగుతోంది.