సాయిలన్న పనికి నేనిచ్చిన సాక్ష్యం

ఒక మనిషి నాకు పెట్టిన దండాన్ని ముప్పై ఏళ్లకు పైగా మోస్తున్నాను. దానికి నేను తగనని ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. నా భార్యకు కూడా. నేనెవరో మీకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను.

ఎనభైల్లో మాట. కామాటిపురలో మా పక్క ఖోలీలో, అంటే పక్క గదిలో, సాయిలన్న ఉండేవాడు. పాలమూరు నుంచి వచ్చిన మనిషి, నాకంటే పదేళ్లు పెద్ద. పైపుకు మర కోయడం, జనపనార చుట్టి సఫేదా పూయడం, చుక్క కారకుండా బిగించడం, అన్నీ ఆయన దగ్గరే నేర్చుకున్నాను. మా మేస్త్రీ ఇద్దరిద్దరిని జోడీగా పనికి పంపేవాడు. హాజరు పుస్తకంలో మాత్రం జోడీకి ఒకే పేరు, సంతకం వచ్చినవాడి పేరు రాసేవాడు. సాయిలన్నది వేలిముద్ర. అందుకని మా ఐదేళ్ల పనీ నా పేరు మీదే ఉంది. ఎవరి పేరైతే ఏముందని ఆయన నవ్వేవాడు. నేనూ నవ్వేవాణ్ని.

తర్వాత ఒక సర్కారు సంస్థలో ఫిట్టర్ ఉద్యోగాలు పడ్డాయి. చదువు అడగలేదు. మూడేళ్ల అనుభవం, దానికి కాగితం అడిగారు. ఇద్దరం దరఖాస్తు పెట్టాం. మేస్త్రీ పుస్తకం చూసి నాకు సర్టిఫికెట్ ఇచ్చాడు. సాయిలన్న పేరు పుస్తకంలో లేదు. నాకు ఉద్యోగం వచ్చింది. నాకు పని నేర్పిన మనిషిని అనుభవం లేదని తిప్పి పంపారు.

ఆయన ఊరుకోలేదు. హైకోర్టుకెక్కాడు. పని చేయించి చూడాలి గానీ కాగితమే కావాలనడం అన్యాయమని ఆయన వకీలు వాదన. దానికి జవాబు తయారు చేస్తూ మా ఆఫీసు సాహెబు నన్ను పిలిచి, టైపు చేసిన కాగితం ముందు పెట్టాడు. సాయిలు సామాన్లు మోసే బిగారీ మాత్రమే, పైపు పని రాదు అని అందులో ఉంది. ఒకే పేరు కింద ఇద్దరు చేశారని తేలితే నీ సర్టిఫికెట్ కూడా నిలవదన్నాడు. గట్టిగా కూడా అనలేదు. భయపెట్టాడని చెప్పుకుంటే నాకు హాయిగా ఉంటుంది. నిజంగా భయపెట్టాడా? లేక నేనే సిద్ధంగా ఉన్నానా? పెన్ను అడిగి తీసుకున్నది నేనే.

తీర్పు రోజు తోడు రమ్మన్నాడు సాయిలన్న. రానంటే అనుమానం వస్తుందని వెళ్లి పక్కనే కూర్చున్నాను. ఎంత అనుభవం కావాలో, దానికి ఏ రుజువు అడగాలో ఉద్యోగమిచ్చేవాళ్ల ఇష్టం, నియమం అందరికీ ఒకటే అయినప్పుడు కోర్టు తల దూర్చదు అన్నాడు జడ్జి. పైగా తోటి పనివాడే ఇలా చెప్పాడంటూ నా పేరు చదివాడు. మెట్రిక్ తప్పిన నా ఇంగ్లీషుకు కూడా అది అర్థమైంది. కేసు కొట్టేశారు. రుజువు చాలలేదని ఒక్క మాట చెప్పి వకీలు ఇంకో కేసుకు వెళ్లిపోయాడు.

బయట వరండాలో సాయిలన్న అడిగాడు.

“నీ పేరు సదివిండు గద తమ్మీ. ఏమన్నడు?”

“నీకు పనొస్తదని నేను రాసిచ్చిన గదన్నా. అదే సదివిండు. జడ్జి ఇనలే.”

ఆయన అక్కడే, అందరూ చూస్తుండగా, నాకు దండం పెట్టాడు.

“కేసు పోతే పోనీ తియ్. నా దిక్కు నువ్వొక్కనివన్న నిలవడ్డవ్.”

ఆ మాట మా ఖోలీలున్న చాల్ అంతా చెప్పుకున్నాడు. వద్దనలేకపోయాను. నాగ్‌పాడా వర్క్‌షాపుల్లో రోజుకూలీగా పైపులు కోస్తూనే ఆయన ముసలివాడయ్యాడు. నేను పెన్షన్ తీసుకున్నాను. ఆయన పోయాక పదోరోజున ఆయన భార్య నర్సవ్వ వదిన నన్ను అందరికంటే ముందు కూర్చోబెట్టి వడ్డించింది, మా ఆయన కోసం కోర్టుకు వచ్చిన మనిషి అని. సిగ్గుతో చచ్చిపోవాల్సింది. తిన్నాను.

సాయిలన్న బిగారీ కాదు. ఫిట్టర్. నాకంటే మంచి ఫిట్టర్. ఆ కాగితం అబద్ధం, కింద సంతకం నాది. ఇది రాశాక గుండెల్లో కొంచెం గాలి ఆడుతోంది, కాదనను. కానీ నర్సవ్వ వదినకు చదువు రాదు. ఆమెకు తెలియాలంటే నేనే ఎదురుగా కూర్చుని చదివి వినిపించాలి. పక్క ఖోలీయే. ఇంకా వెళ్లలేదు.