తెలుక్ ఆన్సన్ తీగల మీద చలి పిట్టలు

మెర్డెకా, అంటే స్వాతంత్ర్యం వచ్చిన సంబరాలు అయిన రెండో నెలలో ఈ ప్రయాణం తగిలింది. బాగన్ దాతుక్ కొబ్బరితోటలో ఉండే మా మేనత్త అప్పలనరసమ్మకి కుడికన్ను పొర కమ్మేసింది. ఎడమదీ అదే దారి పట్టింది. తెలుక్ ఆన్సన్ ఆసుపత్రిలో ఆపరేషన్‌కి రోజు కుదిరితే, ఆవిడ రానని మొండికేసింది. నేను చెబితే వింటుందని మా నాన్న నమ్మకం. ఆ నమ్మకానికి ఆధారమేమిటో నాకిప్పటికీ తెలియదు.

ఉదయం ఏడింటి ఫెర్రీలో జార్జ్ టౌన్ వదిలి, ప్రాయిలో రైలెక్కాను. తాపా రోడ్‌లో దిగి బ్రాంచి లైను బండి పట్టుకోవాలి. ఈ దారిన వెళ్ళేవారికి ఒక మాట: స్టేషన్‌లో కాఫీ బాగుంటుంది, కానీ అన్నం మాత్రం కట్టుకెళ్ళకండి. స్వాతంత్ర్యం వచ్చినా ఎమర్జెన్సీ తీరలేదు. అడవిలో దాక్కున్న కమ్యూనిస్టు గెరిల్లాలకి చేరుతుందేమోనని రోడ్డు సోదాల్లో పులిహోర పొట్లాన్ని కూడా వదలరు.

మధ్యాహ్నం మూడింటికి తెలుక్ ఆన్సన్‌లో బస్సు దొరికింది. పక్కన అత్త ఉండే తోటలోనే కాయలు దింపే సింహాద్రి కూర్చున్నాడు. అత్త పేరు చెప్పగానే నవ్వాడు.

"పిట్టలమ్మ మేనల్లుడివా! ఆ రెల్లు కోసేసినాక పిట్టలు రానేదు లా. ముసల్ది ఇంకా సూస్తానే ఉంది."

పిట్టలంటే వానకోయిలలు. ఉత్తరాన చలి మొదలైతే గుంపులుగా దిగివచ్చి, తోట కంచె అవతలి రెల్లుపొదల్లో రాత్రిళ్ళు నిద్రపోయేవి. తోటవాళ్ళు చలి పిట్టలంటారు. ఎమర్జెన్సీలో, చాటున ఎవరూ దాక్కోకుండా, ఆ రెల్లంతా నరికేశారు.

ఐదింటికి ఇల్లు చేరాను. అత్త ఆ బోడినేల వైపే ముఖం పెట్టి వరండాలో కూర్చుంది.

"ఏటిరా, మీ నాయిన పంపించినాడా?"

"అవునత్తా. నువ్వెందుకు రానంటున్నావో కనుక్కోమన్నాడు."

"సముద్రం దాటొచ్చినోళ్ళకి మొదటి ముద్ద మనింట్లోనే ఎట్టాల. మాయమ్మ మాట అది. ఓడ దిగిన కూలోళ్ళకీ అదే, ఈ పిట్టలకీ అదే. అన్నంలో బెల్లం కలిపి ఏటేటా రెల్లు కాడ ఎట్టేదాన్ని. తరవాత సర్కారోళ్ళు మెతుకు కంచె దాటనివ్వనేదు. నేను ఎట్టనేదు, అవి రానేదు. ఆకలితో తిరిగెల్లిపోయిన వాటి ఉసురు నా కంట్లో కూకుంది. దానిమీద కత్తెడితే ఏటవుద్ది?"

వానకోయిల గాలిలో పురుగుల్ని పట్టి తింటుంది, అన్నం ముట్టదు. ఆ ముద్దని కాకులూ చీమలూ తినడం చిన్నప్పుడు కళ్ళారా చూశాను. చెబుదామని నోటిదాకా వచ్చింది గానీ, అన్నేళ్ళ భక్తిని ఒక్క మాటతో కొట్టెయ్యడానికి మనసొప్పలేదు. డాక్టరుకి ఊరికే చూపించి వద్దామని బతిమాలాను. కత్తి పెట్టనివ్వనని ఒట్టేయించుకుని మరీ ఒప్పుకుంది.

మర్నాడు మూడింటి బస్సెక్కాం. సగం దారిలో సోదా. కానిస్టేబులు అత్త చేతిసంచీలోంచి బెల్లమన్నం ముద్ద తీశాడు. దారిలో ఎక్కడైనా రెల్లు కనబడుతుందని తెచ్చుకుందట! విషయమంతా మలాయ్‌లో విప్పి చెప్పాను. అతను నవ్వలేదు.

"తీసుకెళ్ళకూడదు మక్‌చిక్, ఇక్కడే తినెయ్యండి," అన్నాడు, పెద్దమ్మని పిలిచినంత మర్యాదగా.

"ఈడిది ఏ ఊరో అడుగు," అంది అత్త. అడిగి, అటు తూర్పుతీరాన కెలాంతన్ అని చెప్పాను.

"దూరం నుంచొచ్చినోడే. అయితే ఈడినే తినమను."

అతను మొహమాటపడుతూ సగం తుంచి తిన్నాడు, మిగతాది ఆవిడ చేతిలో పెట్టి తినేదాకా నిలబడ్డాడు. "ఆ పిట్టల కోసమైతే సాయంత్రం ఆరింటికి గడియారం గోపురం దగ్గర ఉండండి," అని బస్సు వదిలాడు.

ఒక పక్కకి ఒరిగిన ఆ గోపురం ముందు దిగేసరికి ఆరు కావస్తోంది. అత్త తలెత్తకుండానే ఆగిపోయింది. ముందుగా కిచకిచలు వినబడ్డాయి. వీధి పొడుగునా కరెంటు తీగల మీద, రెక్కకి రెక్క ఆనించి, వేలకొద్దీ వానకోయిలలు. ఇంకా దిగుతూనే ఉన్నాయి. రెల్లు పోతే తీగలు వెతుక్కున్నాయి. కింద దుకాణాలవాళ్ళు గొడుగులేసుకుని, తిట్టుకుంటూ బేరాలు చేసుకుంటున్నారు.

అత్త నుదుటి మీద చెయ్యి అడ్డం పెట్టుకుని, మిగిలిన ఎడమకంటితో మెడ నొప్పి పుట్టేదాకా చూసింది.

"ముద్ద ఎట్టకపోయినా వచ్చినాయిరా," అంది. "నామీద కోపం నేదు వాటికి."

నాకు కళ్ళనీళ్ళు ఆగలేదు. ఆవిడ నెత్తిన రెట్ట పడింది. తుడవబోతే చెయ్యి తోసేసింది.

"ఆసుపత్రి ఎటేపురా?"

ఆపరేషన్ బాగానే జరిగింది. స్టేషన్ దగ్గర లాడ్జిలో మూడు రోజులుండి, రోజూ ఆరింటికి తీగల కింద నిలబడి, ఎన్ని వచ్చాయో ఆవిడకి చెప్పేవాణ్ణి. నాలుగోనాడు రైలెక్కాను. తెలుక్ ఆన్సన్ వెళ్ళేవారు సాయంత్రానికి గొడుగు మరిచిపోకండి. పట్టాల పక్క తంతి తీగల మీద పిట్ట కనబడ్డప్పుడల్లా, బయల్దేరేముందు కంటికట్టుతో పడుకుని అత్త అన్న మాటే చెవిలో పడేది.

"వచ్చే ఏడు ఇదే నెలకి రా. నీ లెక్క తప్పుల తడక. నేను సూసి సెప్తాను."