రోపు తడిమే మనిషి

సీనప్ప కుడి అరచేతిలో, బొటనవేలి కింద, సూదితో గీసినట్టు సన్నని గీతలుంటాయి. బంగారు గనుల ఊరైన ఆండర్సన్‌పేటలో అవేమిటని ఎవరూ అడగరు. గనిలో రోపు పని చేసిన వాళ్ల చేతులన్నీ అంతే.

ఇరవై రెండేళ్ల వయసులో ఆయన గనిలోకి దిగే నిలువు బావి, షాఫ్టు పైన రోపు పనికి చేరాడు. మనుషుల్ని మూడు వేల అడుగులు కిందికి దించే ఇనుప తాడు అది. రోజూ తెల్లవారగానే దాన్ని మెల్లగా వదులుతుంటే, పక్కన నిలబడి దాని చుట్టూ నూలుపీచు చుట్టి పట్టుకోవాలి. ఎక్కడైనా తీగ తెగి ఉంటే పీచు తగులుకుంటుంది. అప్పుడు వట్టి చేత్తో తడిమి చూడాలి. పని నేర్పిన మేస్త్రీ ముత్యాలప్ప గ్లౌజు వేసుకోనిచ్చేవాడు కాదు. "గ్లౌజుకి ఏం తెలుస్తాదిరా? దానికి పెండ్లామా బిడ్డలా?" అనేవాడు.

ఐదేళ్లకే గని మూసేశారు. తోటివాళ్లు బంగారుపేటలో రైలెక్కి బెంగళూరు పనులకు పోతుంటే సీనప్ప ఎదురు దిక్కు రైలెక్కి చెన్నై పోయాడు. హార్బరులో ఒక కాంట్రాక్టరుకు ఇనుప తాళ్లు తెలిసిన మనిషి కావలసి వచ్చింది. సముద్రాన్ని మొదటిసారి చూసిన వారానికే ఆయన టగ్గు ఎక్కాడు. పదకొండు రోజులు వాంతులు చేసుకున్నాడు. పన్నెండో రోజు చద్దన్నం తిని పనిలోకి దిగాడు.

"భూమి కింద పని పోతే నీళ్ల మీదికి పోయినావు. మధ్యలో నేల మీద ఒక్క పనీ దొరకలేదా నీకు?" అని ఆయన భార్య కామాక్షమ్మ ఇప్పటికీ అంటుంది.

తుఫానులో ఇంజను ఆగిపోయిన ఓడల్ని లాక్కొచ్చే టగ్గు అది. అందరూ రేవులోకి పరుగెత్తే వేళ అది బయటికి పోతుంది. అందులో డెక్కు మీది మనుషులకు ఇప్పుడు సీనప్పే పెద్ద.

పోయిన జులైలో టగ్గు పడమటి తీరాన పనిలో ఉన్నప్పుడు అక్కడ ఒక సరుకు ఓడకు ఇంజను చచ్చిపోయింది. లంగరు వేస్తే గొలుసు తెగింది. పంతొమ్మిది మందితో అది రాళ్లగుట్టల వైపు కొట్టుకుపోతోంది. పొద్దున టగ్గు దాన్ని అందుకుని లాగడం మొదలుపెట్టింది. పదకొండు గంటలకు, టగ్గు ఇనుప రోపుకూ ఓడకూ మధ్యనున్న నైలాన్ తాడు తెగిపోయింది. ఓడవాళ్లు దాన్ని సరిగ్గా కట్టలేదు. అంచుకు ఒరుసుకుని తెగింది.

రోపును వెనక్కి చుడుతుంటే సీనప్ప నూలుపీచు పట్టుకుని పక్కన నిలబడ్డాడు. చివరి గజాల్లో పీచు తగులుకుంది. చెయ్యి పెట్టి చూసి, "ఆపు!" అని కేక వేశాడు.

రోపు చుట్టే యంత్రం, వించ్ దగ్గరున్న బందరు మనిషి ఆనంద్ విసుక్కున్నాడు. "మళ్లీ ఏమొచ్చిందయ్యా, గని రాజా?"

"తెగినాయి. ఒక్క అడుగులోనే ఏడు తీగలు."

"నాకేం కనపడట్లేదే."

"కండ్లతో యాడ కనపడతాది? చెయ్యి పెట్టు."

ఆనంద్ గ్రీజు మీద వేలు జరిపి, "అమ్మో!" అని వెనక్కి లాక్కున్నాడు. వేలి నుంచి రక్తం కారింది.

కెప్టెన్ పురుషోత్తమ్ కిందికి దిగి వచ్చాడు. "రెండు వందల తీగలుంటాయి సీనప్పా. ఏడు పోతే ఏమైపోద్ది? అక్కడ పంతొమ్మిది మంది ఉన్నారు."

"అందుకే చెప్తా ఉండాను సార్. పైన ఏడు పోతే లోపల ఎన్ని పోయినాయో! నైలాను తెగితే ఇంకోటి ఉండాది. ఇది తెగితే ఇంగ మనకాడ ఏమీ లేదు. రెండో రోపు చుట్టిన డ్రమ్ము చెడిపోయి ఉండాది గదా. చివర కోసేసి మళ్లీ కట్టాల."

"ఎంతసేపు?"

"రెండు గంటలు."

"రాళ్లు నాలుగు గంటల దూరంలో ఉన్నాయి. మళ్లీ తాడు అందించడానికి గంట పడద్ది."

"గంట మిగుల్తాది సార్."

"మిగలకపోతే?"

సీనప్ప చెయ్యి తుడుచుకున్నాడు. "మా గనిలో రోపు కొత్తగా కట్టినాక మొదట కట్టినోడే దిగాల సార్. ఆ ఓడ మీద తాడు కట్టేదానికి ఎట్లాగూ ఒక మనిషి కావాల. నేను పోతాను."

కెప్టెన్ ఒకసారి ఓడ వైపు చూశాడు. "కొయ్యి," అన్నాడు.

చెడిన భాగాన్ని కోసేశారు. కొత్త చివర తీగలన్నీ చీపురులా విప్పి, కడిగి, గరాటులాంటి ఇనుప గూటిలోకి దూర్చారు. తీగల్ని పట్టి ఉంచడానికి అందులో రసాయనం పోశారు. అది గట్టిపడే దాకా ఎవరూ చేయగలిగింది లేదు. టగ్గు ఊగుతుంటే ఇద్దరు ఆ గూటిని కౌగిలించుకుని కూర్చున్నారు. సీనప్ప స్క్రూడ్రైవరుతో గీసి చూశాడు. గీత పడింది. "ఇంకా మెత్తగా ఉండాది."

"గంటన్నర దాటింది," అన్నాడు ఆనంద్.

"నాకూ గడియారం ఉండాది లేప్పా."

మూడోసారి గీత పడలేదు. అప్పటికి రెండు గంటల ఇరవై నిమిషాలు అయింది.

రబ్బరు పడవలో ఓడ పక్కకు పోయి తాడు నిచ్చెన కింద ఆగారు. అల పడవను పైకెత్తినప్పుడే దూకాలి. సీనప్ప మొదటి అలను వదిలేశాడు. రెండో దానికి దూకి మెట్టు పట్టుకున్నాడు. కింద పడవ ఇంటి ఎత్తు దిగిపోయింది. మోకాళ్లు ఇనుముకు కొట్టుకున్నాయి. పైకి చేరేసరికి ఓడ మనుషులు లైఫ్‌జాకెట్లు వేసుకుని, సంచులు భుజాన పెట్టుకుని నిలబడి ఉన్నారు.

వచ్చీరాని హిందీలో, "సంచులు కింద పెట్టండి. నాకు చేతులు కావాల," అన్నాడు.

ఓడలో కరెంటు లేదు. టగ్గు నుంచి అందించిన కొత్త నైలాన్ తాడును పంతొమ్మిది మంది, సీనప్పతో కలిపి ఇరవై మంది చేతులతో లాగారు. వంటవాడు కూడా ఏడుస్తూనే లాగాడు. తాడు అంచుకు ఒరిసే చోట సీనప్ప పాత నీటిగొట్టాలు చుట్టి గ్రీజు పట్టించాడు. అందర్నీ వెనక్కి పంపి వాకీటాకీ అందుకున్నాడు.

"లాగండి సార్. మెల్లగా."

ఇనుప రోపు నీళ్లలోంచి లేచి బిగుసుకుంది. ఓడ ముందు భాగం కిర్రుమంది. ఓడ ఉన్న చోట నీటి లోతును కెప్టెన్ టగ్గులో మ్యాపు చూసి వాకీటాకీలో చదువుతున్నాడు; లోతు పెరిగితే రాళ్లకు దూరమైనట్టు. "పధ్నాలుగు మీటర్లు. పదమూడు. పదమూడు." సీనప్ప వంగి తాడు ఒరిసే చోటు చూశాడు. "పదమూడే, సీనప్పా." తరువాత, "పధ్నాలుగు."

పద్దెనిమిది అన్నాక ఓడ మనుషులు ఒకర్నొకరు పట్టుకున్నారు. ఒకడు వచ్చి సీనప్ప కాళ్లకు దండం పెట్టబోయాడు.

ఆయన వాణ్ని లేపి గ్రీజు డబ్బా చేతికిచ్చాడు. "రేవు చేరేదానికి ఇంకా ముప్పై గంటలు ఉండాది. తాడు ఒరిసే చోట గ్రీజు పట్టించేదానికి గంటగంటకూ ఇద్దరిద్దరు రావాల. మొదటి ఇద్దరు ఎవరు?"